తాటిబెల్లం నెత్తురు

నెత్తురు నేనే కలిపేదాన్ని.
బాలెస్టియర్ రోడ్డు వెనక రేకుల షెడ్డులో
చినిగిన సారోంగులు కుట్టడం నా ఉద్యోగం,
ఇది పైపని.
నలుపు తెలుపు బొమ్మకి ఎరుపుతో పనేముంది?
తాటిబెల్లం పాకం, కాఫీ మడ్డి,
చిక్కదనానికి చిటికెడు సగ్గుబియ్యప్పిండి.
ముస్తారి ముందు నాలిక మీద వేసుకుని చూసేవాడు.
"కంసియా, ఇవాళ తీపెక్కువైంది,
ఇంత తియ్యగా చస్తే జనం నమ్మరు."

అంతకు ముందు అతను బంగ్సావాన్ నాటకాల్లో భూతం.
తెరలూ కిరీటాలూ పడవకెత్తుకుని
రేవు రేవుకీ తిరిగే కంపెనీ.
గొంతెత్తితే
ఆఖరి వరసలో చాపల మీద పడుకున్న పిల్లలు
నిద్రలోనే తల్లుల్ని కరుచుకునేవాళ్ళు.
ఆ గొంతు వినే సినిమాకి తెచ్చారు.
మొదటిరోజే మైకు పెట్టె ముందు కూచున్న చీనా కుర్రాడు
చెవులకున్నది పీకి బల్ల మీద పారేశాడు.
తగ్గించమన్నారు. తగ్గించాడు.
ఇంకా అన్నారు. తగ్గించాడు.
సాయంత్రానికి పక్కనున్న నాకే
అతని మాట వినపడలేదు.
ఇరవై ఏళ్ళు పెంచుకున్న గొంతుని
ఒక్క పూటలో ఏ జేబులో దాచాడో!

మద్రాసు నుంచి వచ్చిన డైరెక్టరుకి
మలయ్‌లో రెండే ముక్కలు వచ్చు:
చెపాట్, లాగి. త్వరగా, మళ్ళీ.
ఫిల్ము ప్రియం.
"నీ చావుకి పన్నెండడుగులు" అని వేళ్ళతో చూపించేవాడు.
ముస్తారి అడుగుల లెక్కన చావు నేర్చుకున్నాడు.
మూడు తూలడానికి, నాలుగు ఒరగడానికి,
మిగతా అయిదూ
కళ్ళు తెరుచుకుని ఉండడానికి.

ఆ యేడే మాకు నిఖా అయింది.
ఆ మర్నాడే అన్నట్టుగా జపానువాళ్ళొచ్చారు.
షెడ్డుకి తాళం. మూడేళ్ళ పైచిలుకు కర్రపెండలం.
వంతెన దగ్గర ఏం చూసొచ్చాడో చెప్పలేదు,
ఆ రాత్రి చెప్పులు మాత్రం
బయటే వదిలేశాడు, మళ్ళీ తొడగలేదు.
యుద్ధం పోయి తాళం తీసిన రోజు
నా గిన్నెలో వేలు ముంచి, వెలుతురుకి పెట్టి అన్నాడు:
"ఇంత మెరవదు.
తొందరగా నల్లబడుతుంది. బెల్లం తగ్గించు."
తర్వాతెప్పుడూ నాలిక మీద వేసుకోలేదు.

నేను తగ్గించలేదు. తగ్గిస్తే పాకం ఒంటిని పట్టదు.

పాసిర్ పాంజాంగ్ ఇసుకలో ఒక మధ్యాహ్నం
పొట్టలో బాకు దిగి పడివున్నాడు. చీమలొచ్చాయి.
చీమ కుట్టినట్టయినా లేదంటారే,
ఆ మాట కనిపెట్టినవాణ్ణి అక్కడ పడుకోబెట్టాలి.
మబ్బు అడ్డొచ్చి
హీరో దుఃఖాన్ని మూడుసార్లు తీశారు.
మూడుసార్లూ ఇతను శవమే.
రాత్రి కొబ్బరినూనె రాస్తూ లెక్కపెట్టాను,
నలభై మూడు దద్దుర్లు.
నేను నోరు తెరవలేదు.
తెలిసినట్టే ఉంది, అతనూ తెరవలేదు.

గేలాంగ్ బజార్లో మాక్ సెనా అతనికి చేపలమ్మనంది.
"పోయిన శుక్రవారం ఆ పిల్ల గొంతు పిసికావు,
మా వీధి వీధంతా చూసింది."
ఖాళీ చేతులు చూపించాడు.
ఆమె పొలుసు గీకే కత్తి చూపించింది.
వట్టి సంచీ ఊపుకుంటూ ఇంటికొచ్చాడు,
బహుమతి గెలిచినవాడిలా.

రంగులొచ్చాయి. నెత్తురు సీసాల్లో వచ్చింది.
నా గిన్నె వంటింటికి తిరిగొచ్చింది.
షెడ్డు అమ్మేశారు,
ముస్తారి ఓ బడి గేటు దగ్గర కాపలా కూచున్నాడు.
పిల్లలెవరూ అతన్ని చూసి భయపడలేదు,
అది కొంచెం బాధే.

పన్నెండో అంతస్తులో, ఓ ఆదివారం,
మేనల్లుడి టీవీలో ఆ ఇసుక.
శవం మెడ మీద నల్లచుక్క కదిలింది.
రీలు మీద గీత అన్నారు పిల్లలు.
అతను మోకాళ్ళు పట్టుకుని లేచి
అద్దం మీద వేలు పెట్టాడు.
"గీత కాదు, చీమ!
దీనికి కూలి ఇవ్వలేదు మనవాళ్ళు!"

ఎంత గట్టిగా అన్నాడంటే
గోడ అవతల ఎవరి పసిపిల్లో
ఉలిక్కిపడి లేచి ఏడ్చింది.